మూడు వాద్యాల ఆరాధన

1978 ఏప్రిల్ 16, ఆదివారం. లాస్ ఏంజెలెస్‌లోని యూసీఎల్ఏ విశ్వవిద్యాలయం, షోన్‌బర్గ్ హాల్. వేదిక మీద ముగ్గురే. ఆర్గన్, పియానోల దగ్గర ఆలిస్ కోల్ట్రేన్. నిలువెత్తు బేస్‌ని ఒడిసిపట్టుకుని రెజీ వర్క్‌మన్. డ్రమ్స్ ముందు రాయ్ హేన్స్. ఆనాటి కచేరీని వార్నర్ బ్రదర్స్ కంపెనీ అదే ఏడాది రెండు ఎల్పీల ఆల్బమ్‌గా తెచ్చింది. పేరు 'ట్రాన్స్‌ఫిగరేషన్'. ఇది పెట్టుకున్న ప్రతిసారీ నాకు ఒళ్ళు పులకరిస్తుంది. ముగ్గురే ముగ్గురు కలిసి ఇంత ధ్వనిని ఎలా లేపారన్నది ఒక ఆశ్చర్యం. అంత దుఃఖాన్ని చూసిన ఆలిస్ వేళ్ళ నుంచి ఇంత ఆనందం ఎలా పొంగిందన్నది అంతకు మించిన ఆశ్చర్యం.

జాజ్‌లో మామూలుగా ఒక పాట ఉంటుంది, ఆ పాట కింద కొన్ని కార్డ్స్, అంటే కలిపి మోగే స్వరాల గుత్తులు, వరసగా తిరుగుతుంటాయి. ఎవరి వంతు వచ్చినప్పుడు వాళ్ళు ఆ వరస మీద తమ మనోధర్మం చూపించి మళ్ళీ పాట ఎత్తుగడకు చేరుకుంటారు. 1950ల చివర్లో కొందరు సాహసులు ఆ వరసని కూడా వదిలేసి వాయించడం మొదలుపెట్టారు. ఆర్నెట్ కోల్మన్ 1960లో రికార్డు చేసిన 'ఫ్రీ జాజ్' ఆ ధోరణికి పేరు కూడా తెచ్చిపెట్టింది. అందులో దారి ముందుగా గీసి ఉండదు. ఒకరి స్వరం విని ఇంకొకరు అడుగు వేస్తారు. కొత్తగా వినేవాళ్ళకి గందరగోళంగా తోచే ఆ సంగీతాన్ని చాలామంది విమర్శకులు కోపంగా, తిరుగుబాటుగానే విన్నారు. శాక్సొఫోన్ విద్వాంసుడు జాన్ కోల్ట్రేన్ తన చివరి రెండేళ్ళలో అందులో ప్రార్థన వెతుక్కున్నాడు. ఆయన పోయాక ఆయన భార్య ఆలిస్ ఆ ప్రార్థనకి గుడి కట్టింది. స్వేచ్ఛ పూర్తిగా పండితే భక్తి అవుతుందని మాటల్లో ఎవరైనా చెప్పగలరు. దాన్ని చెవులకు రుజువు చేసిన రికార్డు ఇది.

ఆలిస్ 1937 ఆగస్టు 27న డెట్రాయిట్‌లో పుట్టింది. పుట్టింటి పేరు మెక్లౌడ్. చిన్న వయసులోనే నల్లజాతివారి బాప్టిస్టు చర్చిల్లో ఆర్గన్ వాయించింది. ఆ చర్చిల్లో వాయించాలంటే కాగితం మీది స్వరాలు చదవడం ఒక్కటే వస్తే చాలదు. బోధకుడి గొంతు ఎక్కడ ఎగసిపడుతుందో, పాడుతున్నవాళ్ళు ఆవేశంలో ఒక చరణాన్ని ఎన్నిసార్లు తిప్పుతారో ముందుగా ఎవరికీ తెలియదు. అది కనిపెట్టి, ఆ క్షణానికి కావలసిన స్వరాన్ని ఆ క్షణంలోనే అందించాలి. వినడమే ఆ విద్యలో మొదటి పాఠం. ఆ తరవాత పారిస్ వెళ్ళి బెబాప్ శైలి జాజ్ పియానోకి పెద్ద దిక్కయిన బడ్ పావెల్ దగ్గర మెలకువలు నేర్చుకుంది. మెరుపులాంటి కుడిచెయ్యి అక్కడ సానదేలింది. 1963లో జాన్‌ని కలిసింది. 1965లో పెళ్ళి. 1966 మొదట్లో మెకాయ్ టైనర్ తప్పుకున్నాక జాన్ బృందంలో పియానో ఆమె చేతికొచ్చింది.

కలిసి వాయించింది ఏడాదిన్నర. 1967 జులై 17న కాలేయ క్యాన్సర్‌తో జాన్ కన్నుమూశాడు. ఆయనకి నలభై ఏళ్ళు. ఆమెకి ముప్పై ఇంకా నిండలేదు. ఒడిలో నలుగురు చిన్నపిల్లలు. తరవాతి ఏళ్ళలో నిద్ర కరువై, ఒళ్ళు శుష్కించిపోయిన రోజుల్ని ఆమె 1977లో వచ్చిన 'మాన్యుమెంట్ ఎటర్నల్' అనే పుస్తకంలో తపస్సుగా రాసుకుంది. యోగా గురువు స్వామి సచ్చిదానంద సాన్నిధ్యం ఆమెను ఒడ్డుకు చేర్చింది. 1970 చివర్లో ఆయన వెంట భారతదేశానికి వచ్చింది. 1971లో వెలువడిన 'జర్నీ ఇన్ సచ్చిదానంద'లో హార్ప్ తీగల కింద తంబురా మోగుతుంది. 1972లో పిల్లలతో కాలిఫోర్నియా చేరింది. 1975లో వేదాంతిక్ సెంటర్ స్థాపించింది. కాషాయం కట్టింది. తురీయసంగీతానంద అన్న పేరు స్వీకరించింది. అంటే షోన్‌బర్గ్ హాల్లో ఆ ఆదివారం ఆర్గన్ ముందు కూర్చున్న నలభై ఏళ్ళ మనిషిలో ఒక చర్చి అమ్మాయి, ఒక బెబాప్ పియానిస్టు, ఒక విధవరాలు, ఒక సన్యాసిని ఉన్నారు. ఆల్బమ్ పేరు చూడండి: ఏసు కొండ మీద శిష్యుల కళ్ళ ముందే వెలుగురూపం దాల్చిన ఘట్టానిది ఆ పేరు. లోపల పాటల పట్టీ చూడండి: 'ప్రేమ', 'కృష్ణాయ'. ఈ రెండు లోకాల మధ్య ఆమెకి గోడ ఎప్పుడూ కనబడలేదు.

వేదిక మీద పక్కనున్న ఇద్దరూ కోల్ట్రేన్ ఇంటి చరిత్ర తెలిసినవాళ్ళే. రెజీ వర్క్‌మన్ ఫిలడెల్ఫియావాడు. 1961లో జాన్ బృందంలో బేస్ వాయించాడు. ఆ ఏడు నవంబరులో న్యూయార్క్ విలేజ్ వాన్‌గార్డ్ క్లబ్బులో జాన్ వరసగా కొన్ని రాత్రులు వాయించిన 'ఇండియా' అనే కీర్తిగాంచిన రచనలో, తంబురాలాగా ఆధారశ్రుతిని నిలబెట్టిన బేసుల్లో ఒకటి రెజీది. రాయ్ హేన్స్ 1925లో బోస్టన్‌లో పుట్టాడు. లెస్టర్ యంగ్, చార్లీ పార్కర్, సారా వాన్, థెలోనియస్ మాంక్, అందరి వెనకా కూర్చున్నవాడు. జాన్ బృందంలో ఎల్విన్ జోన్స్ రాలేని రోజుల్లో ఆ కుర్చీ రాయ్‌దే. 1961 వాన్‌గార్డ్ రాత్రుల్లో కూడా ఒక రచనకి డ్రమ్స్ ఆయనే పట్టాడు. అంటే జాన్‌తో భుజం భుజం కలిపి వాయించిన ఇద్దరు, జాన్‌తో బతుకు పంచుకున్న ఒకరు, పదిహేడేళ్ళ తరవాత దేశానికి అటు చివర ఒక వేదిక మీద చేరారు. ఎవరికీ పరిచయాలు అక్కర్లేదు. ఒకరి ఊపిరి ఇంకొకరికి తెలుసు.

ఇప్పుడు ఆ ఆర్గన్ గురించి చెప్పాలి. మెట్ల వాద్యాలకు మన సంగీతంలో ఒక పాత చిక్కు ఉంది. హార్మోనియం మెట్టు నొక్కితే ఒకే స్వరం పలుకుతుంది. పక్క స్వరానికి వెళ్ళాలంటే ఎగిరి దూకాలి, జారడానికి వీల్లేదు. జారు లేనిచోట గమకం లేదు, గమకం లేనిచోట రాగం పలకదని మన విద్వాంసుల పట్టు. ఆకాశవాణి 1940 నుంచి మూడు దశాబ్దాలపాటు హార్మోనియాన్ని దూరం పెట్టడానికి ఆ వాదనే ఒక మూలం. ఆలిస్ ఈ చిక్కుని తన పద్ధతిలో విప్పింది. 1971 నాటి 'యూనివర్సల్ కాన్షస్‌నెస్' ఆల్బమ్ నుంచీ ఆమె ఆర్గన్‌ని గొంతులాగా వాడుకుంటూ వచ్చింది. స్వరాన్ని పట్టుకుని కొంచెం వంచుతుంది. వంచి, ఒక వణుకు ఇచ్చి, మళ్ళీ నిటారుగా నిలబెడుతుంది. టైటిల్ పాట 'ట్రాన్స్‌ఫిగరేషన్' వింటూ ఆ చోట్ల చెవి పెట్టండి. జల్లుగా కురుస్తున్న స్వరాల మధ్య ఒక్క స్వరం ఉన్నట్టుండి కరిగి కిందికి జారుతుంది. అక్కడ చర్చి గాయని గొంతు గుర్తుకొస్తుంది, జాన్ సోప్రానో శాక్సొఫోన్ గుర్తుకొస్తుంది, నాదస్వర విద్వాంసుడి జారు గుర్తుకొస్తుంది. మూడూ ఒక్క ఆర్గన్‌లో, ఒక్క క్షణంలో.

ఈ టైటిల్ పాటకి మెల్లగా తలుపు తెరిచే అలవాటు లేదు. ఆర్గన్ చుట్టుకుంటూ పైకి లేస్తుంటే కింద బేస్ బరువైన అడుగులు వేస్తుంది, రాయ్ సింబల్ అంచుల మీద నిప్పురవ్వలు రాలుస్తుంటాడు. పరుగులో ఉన్నది ముగ్గురూ. కానీ ఎవరూ ఎవరినీ తరమడం లేదు. ఆ హాలుకి పేరిచ్చిన ఆర్నల్డ్ షోన్‌బర్గ్ నాజీల కాలంలో ఐరోపా వదిలి అమెరికా చేరి, అదే విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పిన మహా స్వరకర్త. ఏ ఒక్క స్వరానికీ పెత్తనం ఇవ్వని సంగీతాన్ని ఆయన కట్టాడు. ఆయన పేరున్న హాల్లో ఆలిస్ ఇంకో రకం స్వాతంత్ర్యం చూపించింది. ఆమె సంగీతంలో మిగతావన్నీ తెగిపోయినా ఆధార స్వరం తెగదు. ఎంత ఎత్తుకి ఎగిరినా ఆ నేల కింద ఉందన్న భరోసా వినేవాడికి ఉంటుంది. మన పక్క శ్రుతిపెట్టె వింటూ పెరిగిన చెవికి అది వెంటనే దొరుకుతుంది. అందుకే జాజ్ అంతగా పరిచయం లేని తెలుగు శ్రోతకి కూడా ఈ రికార్డు దగ్గరవుతుందని నా నమ్మకం.

ఆ తుపాను తరవాత ఆమె సభికులతో నాలుగు మాటలు మాట్లాడి, పియానో దగ్గర ఒంటరిగా కూర్చుంటుంది. 'వన్ ఫర్ ద ఫాదర్' జాన్‌కి అంకితం. బేస్ లేదు, డ్రమ్స్ లేవు. చర్చి పాటల కార్డ్స్ మీద విస్తారంగా పరుచుకున్న ఎడమచెయ్యి, అలలు అలలుగా వచ్చే కుడిచెయ్యి. పదకొండేళ్ళ కింద పోయిన భర్త కోసం వాయిస్తోంది కదా, ఏడుపు వినిపిస్తుందేమోనని ఎదురుచూస్తాం. వినిపించేది కృతజ్ఞత. నువ్వు నాకిచ్చింది ఇదిగో, ఇంకా నా చేతుల్లోనే ఉంది అని చూపిస్తున్నట్టు ఉంటుంది. దుఃఖాన్ని దాచిపెట్టి నవ్వే సంగీతం వేరు. దుఃఖాన్ని పూర్తిగా దాటి వచ్చిన సంగీతం వేరు. ఈ రెండోది ప్రపంచంలో చాలా అరుదు.

'ప్రేమ' ఆ పియానో వెచ్చదనాన్ని ముగ్గురికీ పంచుతుంది. దానికి తీగవాద్యాల బృందాన్ని తరవాత స్టూడియోలో జోడించారు. నిఖార్సైన కచేరీ రికార్డులో ఇలాంటి అతుకేమిటని కొందరికి అనిపించవచ్చు. నాకు మాత్రం ఆ తీగల ధ్వని రాగం వెనక పరుచుకున్న సాయంకాలపు రంగులా ఉంటుంది. వేదిక మీది ముగ్గురినీ అది కప్పెయ్యదు. 'అఫినిటీ' మళ్ళీ ముగ్గురి సంభాషణ. 'కృష్ణాయ' చిన్నది, నమస్కారమంత చిన్నది. ఆ నమస్కారం అయ్యాక మొదలవుతుంది అసలు యాత్ర.

'లియో' జాన్ రచన. సింహరాశి పేరది. 1966 జులైలో జపాన్ పర్యటనలో జాన్ దీన్ని వాయించినప్పుడు పియానో దగ్గర ఆలిస్ ఉంది. 1967 ఫిబ్రవరిలో జాన్, రషీద్ అలీ ఇద్దరే శాక్సొఫోన్, డ్రమ్స్‌తో దాన్ని స్టూడియోలో రికార్డు చేశారు. 1971 ఫిబ్రవరిలో కార్నెగీ హాల్లో సచ్చిదానంద యోగా సంస్థ సహాయార్థం జరిగిన కచేరీలో ఆలిస్ రెండు బేసులు, రెండు డ్రమ్స్, ఇద్దరు శాక్సొఫోనిస్టులతో దాన్ని హోరెత్తించింది. 1978కి వచ్చేసరికి ఆ బలగమంతా లేదు. ముగ్గురే. అయినా అరగంట దాటిన ఈ 'లియో' ఎల్పీకి ఒక వైపు పట్టక, రెండు భాగాలై రెండో వైపుకి పొంగింది.

ఇందులో ఆలిస్ చేసిన సాహసం తలుచుకుంటే చెయ్యెత్తి దణ్ణం పెట్టాలనిపిస్తుంది. జాన్ శాక్సొఫోన్‌తో ఊదిన సంగీతమిది. ఊపిరితో పుట్టింది. ఆ స్థానంలో ఇంకో శాక్సొఫోనిస్టును నిలబెట్టకుండా, ఊపిరి అవసరం లేని ఆర్గన్‌తో తనే ఆ బాధ్యత తీసుకుంది. ఊపిరి తీసుకోనక్కర్లేని వాద్యం గనక ఆమె వాక్యాలకు ముగింపు ఉండదు. ఒక పదబంధం పుట్టి, తిరగబడి, రెట్టింపై, పైస్థాయికి పాకి, అక్కడి నుంచి జారి, కిందపడే లోపే ఇంకో పదబంధాన్ని పట్టుకుంటుంది. కల్పనస్వరాల్లో విద్వాంసుడు ఒక చిన్న పదబంధాన్ని పట్టుకుని ఎన్ని దిక్కులకు తిప్పుతాడో విన్నవాళ్ళకి ఈ పద్ధతి కొత్త కాదు. వేగం కొత్త, వాద్యం కొత్త.

ఇక రాయ్ హేన్స్. జాజ్ డ్రమ్మర్లు మామూలుగా సింబల్ మీద ఒక నడక పట్టి దాన్నే కొనసాగిస్తారు. రాయ్ ఆ నడకని ఎన్నడో విరగ్గొట్టాడు. సింబల్ మీద ఒక మాట, స్నేర్ మీద దానికి జవాబు, కాలి కింద పెద్ద డ్రమ్ మీద ఒక ఆశ్చర్యార్థకం. స్నేర్‌ని బిగించి పెట్టుకోవడం వల్ల దెబ్బ పొడిగా, టపటపా చిటికెల్లా పడుతుంది. తోటి కళాకారులు 'స్నాప్ క్రాకిల్' అని ముద్దుపేరు పెట్టింది ఆ చప్పుడికే. 'లియో'లో ఆయనకి విడిగా చోటు దొరికినప్పుడు మన తని ఆవర్తనం గుర్తొస్తుంది. బలప్రదర్శన ఏమీ ఉండదు. ఒక లయను ఎత్తుకుని, దాన్ని రెండు ముక్కలు చేసి, ఒక ముక్కని దాచి, దాచిన ముక్కని మనం మరిచిపోయే వేళకి తెచ్చి అతికిస్తాడు. అప్పుడాయన వయసు యాభై మూడు. చేతుల్లో ఇరవై ఏళ్ళ కుర్రాడున్నాడు. తొంభై తొమ్మిదేళ్ళు బతికి 2024 నవంబరులో ఆయన వెళ్ళిపోయాడు. వింటుంటే ఆ ఆయుష్షంతా ఎక్కడి నుంచి వచ్చిందో తెలుస్తుంది.

ఆ ఇద్దరి మధ్య రెజీ బేస్ లేకపోతే ఈ భవనం నిలవదు. ఆర్గన్ ఆకాశంలో ఉంటే, డ్రమ్స్ నలుదిక్కులా చిమ్ముతుంటే, మధ్యలో నిలబడి ఇద్దరికీ ఆనవాలు చూపించేది ఆ మందపాటి తీగలే. మొదటిసారి విన్నప్పుడు అందరి చెవీ ఆలిస్ మీదే ఉంటుంది. మరోసారి రెజీని ఒక్కడినే పట్టుకుని మొదటి నుంచి చివరిదాకా వినండి. అప్పుడు ఈ సంగీతంలో గందరగోళం అనుకున్నదంతా మాయమై, ముగ్గురు మనుషులు ఎంత శ్రద్ధగా ఒకరినొకరు వింటున్నారో బయటపడుతుంది. నా దృష్టిలో ఫ్రీ జాజ్‌కి నిర్వచనం ఆ శ్రద్ధే. నియమం లేనిచోట మనిషికి మిగిలే ఒకే ఒక్క నియమం ఎదుటివాణ్ణి వినడం. ఆలిస్ దాన్ని డెట్రాయిట్ చర్చిలోనే నేర్చుకుంది. ఆ తరవాత ఆమె పేర్లు మారాయి, దుస్తులు మారాయి, దేవుళ్ళ పేర్లు పెరిగాయి. విద్య మాత్రం అదే.

ఈ రికార్డుతో ఆమె పెద్ద కంపెనీల లోకం నుంచి తప్పుకుంది. అప్పటికి సంగీత ప్రపంచం ఆమె నుంచి ఇంకా ఎంతో ఆశిస్తోంది. ఆమె 1983లో లాస్ ఏంజెలెస్ పక్కన అగౌరా హిల్స్ కొండల్లో ఆశ్రమం స్థాపించింది. అక్కడ ఆదివారాలు భజనలు జరిగేవి. రాముడి నామం, కృష్ణుడి నామం, నారాయణ నామం. పాడేవాళ్ళలో ఎక్కువమంది నల్లజాతి అమెరికన్లు. చప్పట్లు, చిన్న తాళాలు, ఆర్గన్, సింథసైజర్. భజన మనదే, ఊపు డెట్రాయిట్ చర్చిది. ఇలాంటి పాటల్ని 1982 నుంచి 1995 దాకా క్యాసెట్లుగా తెచ్చి తనవాళ్ళకు పంచింది. 2017లో వాటిలో కొన్నిటిని లువాకా బాప్ సంస్థ మళ్ళీ తెచ్చాక ప్రపంచం నివ్వెరపోయి విన్నది.

ఆ ఆశ్రమానికి తరవాతి పేరు సాయి అనంతం. ఆలిస్ పుట్టపర్తి సత్యసాయి బాబా భక్తురాలు. అనంతపురం సీమలో ఒక పల్లెలో వేళ్ళూనుకున్న భజన పద్ధతి, ఒకరు అనగా అందరూ అనే ఆ వరస, మెల్లగా ఎత్తుకుని రెండో కాలంలోకి ఉరికే ఆ నడక, పసిఫిక్ తీరంలో ఫ్రీ జాజ్ మహావిద్వాంసురాలి చేతుల్లో కొత్త బతుకు బతికింది. కొడుకు రవి కోల్ట్రేన్ పూనుకుని ఆమెను మళ్ళీ స్టూడియోకి తీసుకొచ్చాడు. రవిశంకర్ మీద గౌరవంతో జాన్ ఆ బిడ్డకి పెట్టిన పేరది. అలా 2004లో వచ్చిన 'ట్రాన్స్‌లీనియర్ లైట్' ఆల్బమ్‌లో 'లియో' మళ్ళీ ఉంది. చివరి పాట పేరు 'సత్య సాయి ఈశ'. ఆశ్రమవాసుల గొంతులతో ఆ ఆల్బమ్ ముగుస్తుంది. 2007 జనవరి 12న ఆమె కన్నుమూసింది. 2018 నవంబరులో ఆ కొండల్ని చుట్టుముట్టిన కార్చిచ్చుకు ఆశ్రమ భవనం కాలిపోయింది.

తెలుగువాళ్ళలో ఎందరికో పుట్టపర్తి భజన తెలుసు. త్యాగరాజు కృతి మీద నెరవులు, కల్పనస్వరాలు వినడం తెలుసు. మృదంగం తని మొదలైతే వేలు తొడ మీద తాళం వెయ్యడం తెలుసు. ఈ మూడూ తెలిసిన చెవికి ఈ రికార్డు పరాయిది కాదు. మన సంగీత కళాశాలల్లో, మన కుర్రాళ్ళు కీబోర్డు నేర్చుకుంటున్న ఇళ్ళల్లో, అమెరికాలో మన పిల్లలు బడి బ్యాండుల్లో శాక్సొఫోన్ ఊదుతున్న ఊళ్ళల్లో దీన్ని వినిపించాలి. ముందు 'వన్ ఫర్ ద ఫాదర్' వినండి, మనసు మెత్తబడుతుంది. తరవాత 'లియో' రెండు భాగాలూ మధ్యలో లేవకుండా వినండి. చర్చి ఆర్గన్‌తో, జాన్ కోల్ట్రేన్ రాగంతో, కాషాయం కట్టిన చేతులతో ఒక స్త్రీ తన శోకాన్ని లోకానికి పండగ చేసి ఇచ్చింది. ఆ ముగ్గురూ ఒకచోట చేరడం, ఆ రోజు అక్కడ టేపు తిరుగుతూ ఉండడం సంగీతాన్ని ప్రేమించే అందరి అదృష్టం.